చంపిందెవరో ముందే చెప్పే అవ్వ

తాళాలగుత్తి నడుముకు కట్టుకున్న ఆవిడ హంతకురాలు కాదు. అవ్వ బతికి ఉంటే ఈ మాట చెప్పడానికి ప్రహరీగోడ దగ్గరికి పరుగెత్తి ఉండేదాన్ని.

పోయిన ఆదివారం మావారు టీవీలో ఏదో వెతుకుతుంటే ఒక పాత జర్మన్ సినిమా తగిలింది. నలుపు తెలుపు బొమ్మ. ఏదో డిటెక్టివ్ నవలను సినిమాగా తీశారట. పొగమంచులో మునిగిన ఊరు, నది ఒడ్డున పెద్ద మేడ, మేడ పైగది కిటికీలో ఒక అమ్మాయి. "ఉంచండి, మార్చకండి" అన్నాను. ఆయన నావైపు వింతగా చూశారు. నేను సినిమాలు చూసే మనిషిని కాదు. నిత్యపూజ, శనివారం పారాయణ, ఏకాదశి ఉపవాసం, వీటి మధ్య తిరిగే బతుకు నాది. కానీ ఆ సినిమాలో మేడమెట్లు ఎటు తిరుగుతాయో నాకు తెలుసు. ఏ గది తలుపు కిర్రుమంటుందో తెలుసు. పాలగ్లాసుతో పైకి వెళ్ళే డాక్టరు మెట్ల మలుపులో ఆగి గడియారం చూసుకుంటాడని తెలుసు. ఒక్కసారి కూడా చూడని సినిమా అది. మా వెనకింటి అవ్వ నోటి నుంచి విన్నాను, అంతే.

అవ్వకు తెలియని భాగం ఒకటి ఉంది. పోలీసులు వచ్చినప్పుడు తాళాలగుత్తి ఆవిడ, అంటే ఆ ఇంటి పెత్తనం చూసే ముసలామె, తనంతట తానే రెండు చేతులూ చాపి సంకెళ్ళు వేయించుకుంటుంది. అవ్వ లెక్కలో కథ అక్కడితో సరి. సినిమా మాత్రం ఇంకా ఉంది. చంపింది పాలగ్లాసు డాక్టరు. అనుమానం పైగదిలోని అమ్మాయి మీదికి పోకూడదని ముసలామె నేరం తన నెత్తిన వేసుకుంది. అది చూశాక నేను కూర్చున్న చోటు నుంచి లేవలేకపోయాను. మా పాప వచ్చి నా మొహంలోకి తొంగిచూసి "అమ్మా, సినిమాకి ఏడుస్తారా?" అంది.

షామీర్‌పేట దాటాక లాల్‌గడి మలక్‌పేట్ వైపు పొలాలు ప్లాట్లుగా మారిన చోట మా కాలనీ. గుంటూరు నుంచో గోదావరి నుంచో ఉద్యోగాలకని వచ్చినవాళ్ళమే అందరం. మావారిది దగ్గరలోని మందుల కంపెనీ. మా ఇంటి వెనక, గోడకు అవతల, ఒక పెంకుటిల్లు మిగిలిపోయింది. అది అవ్వది. చుట్టూ ఉన్నవాళ్ళు అమ్ముకుని మేడ్చల్ వెళ్ళి ఇళ్ళు కట్టుకున్నా ఆమె కదలలేదు. పిల్లలు లేరు. చెల్లెలి కొడుకు ఒకతను ఊళ్ళోనే ఉండి వచ్చిపోతుండేవాడు. పేరేమిటని అడిగితే "అవ్వనే నా పేరు. పేరుతోని ఏం జేస్తవ్, రేషన్ కార్డు రాస్తవా?" అనేది.

గోడకు అవతలి వైపు ఒక బండ ఉంది. దాని మీదికి ఎక్కితే మొదట కొంగు కప్పిన తల, తర్వాత ముక్కుపుడక, చివరికి గోడ మీద ఆనించిన గడ్డం కనిపించేవి. "ఏంది బిడ్డా, ఏం కూర?" అని అడిగేది. నేను నోరు తెరిచేలోగానే "వంకాయ. వాసన కొడ్తాంది" అని జవాబు కూడా తనే చెప్పేది. అది ఆమె తీరు. ఏ సంగతైనా చివర నుంచి మొదలుపెట్టడమే. "మూల మీది ఇంటోల్లు ఖాళీ జేసి పోతరు. ఇగ విను, మొన్న ఏమైందంటే" అని కథ ఎత్తుకునేది. కాలనీ ఆడవాళ్ళు సీరియల్ గురించి మాట్లాడుకుంటుంటే నడుమ దూరి "గా పిల్ల సావది, దవఖానల లేస్తది" అనేసి వాళ్ళ వారం రోజుల ఆత్రాన్ని ఒక్క ముక్కలో ఊడ్చిపారేసేది.

మా అత్తయ్యగారికి ఆమె పొడ గిట్టేది కాదు. అత్తయ్యగారు నియమం తెలిసిన మనిషి. మడి, ఆచారం, పంచాంగం, ఏవీ తప్పవు. బీరువా, దేవుడి గది, వంటగది తాళాలు ఆవిడ నడుము దగ్గరే ఉండేవి. అవ్వ వచ్చిందంటే తిన్నగా గడప మీద కూర్చునేది, భుజం మీది నల్ల గొంగడి మడతపెట్టి కింద వేసుకుని.

"గడప మీద కూర్చోకమ్మా. లక్ష్మి వచ్చే దారి" అనేవారు అత్తయ్యగారు.

"లోపటికొస్తే నీ మడి పోతది. బయట కూసుంటే నా మాడు పగుల్తది. యాడ కూసోవాలె జెప్పు. లక్ష్మొస్తే నేనే లేసి జాగ ఇస్త."

నేను నవ్వు ఆపుకోలేకపోయేదాన్ని. అత్తయ్యగారు తాళాలు గలగలలాడించుకుంటూ లోపలికి వెళ్ళిపోయేవారు.

మా ఇంట్లో శనివారం పారాయణ జరిగేది. నామాలు అయ్యాక నేను ఏదో ఒక పురాణకథ చెప్పేదాన్ని. మా తాతగారి దగ్గర చిన్నప్పుడే అలవాటైన పని అది. ఒకరోజు స్తంభంలో నుంచి స్వామి వెలువడే కథ ఎత్తుకున్నాను. రాక్షసుడు సభలో నిలబడి "ఏడి నీ దేవుడు?" అని కొడుకును నిలదీసే చోటికి వచ్చాను. అందరూ కళ్ళు మూసుకుని వింటున్నారు. గడప మీంచి అవ్వ గొంతు వచ్చింది. "కంబం పల్గుతది, సింహమొస్తది, పేగులు దీస్తది. ఇగ జెప్పు బిడ్డా, మంచిగ జెప్తున్నవ్."

హాలంతా నవ్వులు. అత్తయ్యగారు కళ్ళెర్రజేశారు. నాకు మొదట ఒళ్ళు మండింది. ఆ తర్వాత ఆలోచిస్తే, ఆ హాల్లో చివర ఏమవుతుందో తెలియనివాళ్ళు ఎవరున్నారు? తెలిసే కదా ఏటా వింటున్నాం. తాతగారు అనేవారు, కథ తెలియనివాడు ఏమవుతుందోనని వింటాడు, తెలిసినవాడు స్వామిని చూడటానికి వింటాడు అని. ఆయన అన్నదాన్నే ఈమె గడప మీద కూర్చుని చేస్తోందనిపించింది.

ఆ సినిమా నాకు ఎలా చేరిందో చెప్పాలి. నాకు రెండుసార్లు కడుపు వచ్చి పోయింది. మూడోసారి నిలిచాక డాక్టరుగారు మంచం దిగొద్దన్నారు. అత్తయ్యగారు ఆ మాటను శాసనంలా పాటించారు. గాలి తగులుతుందని కిటికీ, దిష్టి తగులుతుందని తలుపు, రెండూ వేసి ఉండేవి. మావారు కంపెనీకి, అత్తయ్యగారు పూజకు వెళ్ళిపోతే నేనూ, పైన తిరిగే ఫ్యానూ. జపమాల తిప్పుతూనే ఉన్నా మనసు మాత్రం పొట్ట దగ్గరే కాపలా కూర్చునేది. కదిలిందా? కదల్లేదా? ఆ నెలల్లో నేను దేవుడిని అడిగింది ఒక్కటే, దీన్ని ఉంచమని.

మధ్యాహ్నాలు అవ్వ వచ్చేది. "మొకం గట్ల వెట్టకు. సినిమ జెప్త" అంది ఒకరోజు.

"ఏం సినిమా అవ్వా?"

"జర్మన్ సినిమ."

నవ్వాను. ఆమె నవ్వలేదు. వయసులో ఉన్నప్పుడు మేడ్చల్ దగ్గర ఒక ఫ్యాక్టరీకి యంత్రాలు బిగించడానికి జర్మనీ నుంచి ఒక ఇంజనీరు వచ్చాడట. వెంట భార్య. వాళ్ళింట్లో అవ్వ పనిచేసింది. ఇంజనీరు పొద్దున పోతే పొద్దుమీకి వచ్చేవాడు. ఆమెకు ఇక్కడి భాష రాదు, ఎండ పడదు, ఒంటరిగా బయటికి వెళ్ళనిచ్చేవాళ్ళు కాదు. తన దేశం నుంచి తెచ్చుకున్న వీడియో క్యాసెట్ ఒక్కటే ఉంది. దాంట్లో ఈ సినిమా. రోజూ అదే వేసుకునేది.

"నేను చిక్కుడుకాయ ఒల్సుకుంట దర్వాజ కాడ కూసుండేదాన్ని. మొదటిపారి జూసినప్పుడు భయంతోని కండ్లు మూసుకున్న. ఏం జూడలే. రెండోపారి చంపెటోల్లు ఎవలో ఎర్కే గదా. గప్పుడు అందరి మొకాలు జూసిన. గందుకే నీకు షురువుల్నే చెప్తున్న. చంపుడు తాళాలగుత్తామె. ఇగ నువ్వు పరేషాన్ గాకు. పిల్ల చేతులు జూడు."

ఆ పూటే అత్తయ్యగారు మజ్జిగ తీసుకుని గదిలోకి వస్తున్నారు. నడుము దగ్గర తాళాలు గలగలమన్నాయి. ఆవిడ గుమ్మంలోనే ఆగిపోయారు.

"తాళాలగుత్తామె అంటున్నావు, ఎవరినమ్మా?"

"నిన్ను గాదు తల్లీ. జర్మనామె."

"ఇంట్లో కడుపుతో ఉన్న పిల్ల దగ్గర చంపడాలేమిటి? పురాణం చెప్పరాదూ?"

"నీ పురాణంల పేగులు దీసుడున్నది. నా సినిమల ఉత్త గొంతు పిసుకుడే."

అత్తయ్యగారు మజ్జిగ గ్లాసు ఠక్కున పెట్టి వెళ్ళారు. కానీ ఆ మధ్యాహ్నం నుంచి వంటింట్లో గిన్నెల చప్పుడు తగ్గింది. ఆవిడా వింటున్నారని నాకు తెలుసు, అవ్వకూ తెలుసు. అందుకే గొంతు కాస్త పెంచి చెప్పేది.

ఎంత బాగా చెప్పేదని. "పొద్దుగాల మన చెరువు మీద లేస్తది జూడు పొగ, గసొంటిది ఊరంత. ఒకల మొకం ఒకలకు అగుపడది. గా పొగలకెల్లి ముందుగాల బూట్ల సప్పుడొస్తది, తర్వాత మనిషొస్తడు." పైగదిలో అమ్మాయికి ఆస్తి ఉంది. ఆమెకు జబ్బు అని చెప్పి గదిలో పెట్టి తాళం వేశారు. జబ్బేమీ లేదు. ఇంట్లో ఒక్కొక్కరే చచ్చిపోతుంటారు. ఇనస్పెక్టరు వస్తాడు, అతను ఎప్పుడూ ఏదో ఒకటి నములుతూ ఉంటాడు. "గా పిల్లది ఎర్ర జుట్టు" అనేది అవ్వ.

"నలుపు తెలుపు సినిమా కదా అవ్వా, ఎర్ర జుట్టని ఎలా తెలిసింది?"

"నడక జూస్తే తెల్వదా? నల్ల జుట్టోల్లు గట్ల నడువరు."

టేపు సంకెళ్ళ దగ్గర ఆగిపోయేదట. టీవీలో వస్తుంటే రికార్డు చేసుకున్నది, అక్కడికి టేపు నిండిపోయింది. "గాడికొచ్చి బొమ్మ పోతది. గప్పుడు దొరసాని నా దిక్కు జూసి వేలూపుకుంట ఏందేందో చెప్పేది. గంటసేపు చెప్పేది. నాకు తెల్వదాయె. మంచిగ తలూపేదాన్ని." ఆ మాట అంటూ అవ్వ తనూ వేలు ఊపింది. "పాపం, గా పెద్ద ఇంట్ల ఒక్కతే. గా సినిమ పిల్ల లెక్కనే కిటికి కాడ నిలవడేది."

నేను మంచం మీంచి మూసిన కిటికీ వైపు చూశాను. అవ్వ నా చూపు గమనించి, లేచి వెళ్ళి కిటికీ రెక్క ఒకటి కొద్దిగా తెరిచింది. ఎవరినీ అడగలేదు.

తొమ్మిదో నెలలో సూర్యగ్రహణం వచ్చింది. పొద్దెక్కాక పట్టి మధ్యాహ్నం విడుస్తుంది. కడుపుతో ఉన్నవాళ్ళు ఏం చేయాలో వేరే చెప్పనక్కర్లేదు. గ్రహణం నీడ తగిలితే బిడ్డకు మొర్రి వస్తుందని తరతరాల నమ్మకం. ఆ లోపానికి పేరే గ్రహణం మొర్రి. అత్తయ్యగారు ముందురోజే కిటికీలకు దుప్పట్లు కట్టించారు. కత్తి, సూది, కత్తెర గదిలో లేకుండా తీయించారు. పట్టు స్నానం చేయించి చాప మీద కూర్చోబెట్టారు. నిద్రపోకూడదు, గోక్కోకూడదు, ఏమీ తినకూడదు. నేను ఇష్టంగానే కూర్చున్నాను. ఈ మాట దాచను. ఇద్దరిని పోగొట్టుకున్న దాన్ని, ఏ నియమం చెప్పినా పాటించేదాన్ని. ఇప్పటికీ గ్రహణం పడితే స్నానం చేసి జపానికి కూర్చుంటాను.

అవ్వను తోడు కూర్చోమన్నారు. కళ్ళు పొడుచుకున్నా కానరాని చీకటి. ఆమె మెల్లగా సినిమా ఎత్తుకుంది. మెట్ల మలుపు దగ్గరికి వచ్చేసరికి నా కింద చాప తడిసింది.

"అవ్వా" అన్నాను.

ఆమె చేత్తో తడిమి చూసింది. తర్వాత "బాబూ!" అని కేక పెట్టింది.

మావారు గుమ్మం బయటి నుంచే డాక్టరుగారికి ఫోన్ చేశారు. బిడ్డ అడ్డం తిరిగి ఉందని ముందు నుంచీ చెబుతున్నారు. "నొప్పులు వచ్చేదాకా ఆగొద్దు, వెంటనే బయల్దేరండి. ఆలస్యమైతే బిడ్డకు ప్రమాదం" అన్నారు.

అత్తయ్యగారు జపం మధ్యలో లేచి వచ్చారు. "ఇంకో గంటన్నరలో విడుస్తుందిరా. అంతవరకు కదిలించకు. ఇద్దరు పోయారు. దీన్నయినా దక్కనివ్వు."

"అమ్మా, డాక్టరు..."

"డాక్టరుకేం తెలుసురా? పోయిన రెండుసార్లూ డాక్టరే కదా చూసింది!"

ఆయన తలుపు పట్టుకుని నిలబడిపోయారు. లోపలికి రాలేరు, బయటికి పోలేరు. నాకు శాస్త్రం తెలుసు. రోగికి, బాలింతకు, గర్భిణికి ఆపదలో మినహాయింపు ఉందని తాతగారు చెప్పగా విన్నదాన్నే. ఇతరులకు చెప్పినదాన్నే. కానీ ఆ చీకట్లో అదేమీ నా కాళ్ళలోకి రాలేదు. లేస్తే నీడ తగులుతుంది. కూర్చుంటే బిడ్డ పోతుంది. రెండు వైపులా అదే బిడ్డ. నామం కూడా నోటికి రాలేదు.

అవ్వ ఎవరితోనూ వాదించలేదు. కింద వేసుకున్న నల్ల గొంగడి లాగి దులిపింది. నా తల మీది నుంచి పాదాల దాకా చుట్టింది.

"గది ఇడిసి పోవద్దంటిరి గదా. పోవద్దు. గదినే తీస్కపోదాం" అంది. "గీ గొంగట్ల సూదంత వెలుగు రాదు. గొర్ల కాడ వానల జూసిన, చుక్క దిగది. ఏమ్మా, నీ గడ్డి యాడున్నది? తే. నీ చేత్తోనే వెయ్."

తాళాల చప్పుడు దగ్గరికి వచ్చింది. అత్తయ్యగారి చేతులు గొంగడి లోపల దర్భలు దోపాయి. "అడుగు తీసేటప్పుడు పాదం బయట పడనీయకు" అన్నారు అవ్వతో.

కారు వెనక సీట్లో అవ్వ ఒడిలో తల పెట్టుకుని పడుకున్నాను. పొగ, ఉన్ని, తమలపాకు కలిసిన వాసన. ఊపిరి వేడిగా నా మొహానికే తిరిగి తగులుతోంది. రోడ్డు మీద హారన్లు లేవు, గ్రహణమని జనం ఇళ్ళలో ఉన్నారు. ఆ నల్లటి గదిలో నేనూ బిడ్డా అవ్వ గొంతూ. ఆమె సినిమా ఆపలేదు. పైగది తలుపు, పాలగ్లాసు, కిటికీ దగ్గర ఎర్ర జుట్టు పిల్ల.

"ఆ అమ్మాయి బయటికి వస్తుందా అవ్వా?" అని అడిగాను. అన్నీ ముందే చెప్పే మనిషి, ఆ ఒక్కటీ ఎప్పుడూ చెప్పలేదు.

"వస్తది" అంది.

"నిజంగానా?"

"నేను జూసిన బిడ్డా. మెట్లు దిగి, పొగలకెల్లి నడుసుకుంట వస్తది. ఎవల చెయ్యి వట్టుకోదు."

మొన్న ఆదివారం చూశాను. ఆ అమ్మాయి బయటికి వస్తుంది. సంకెళ్ళ తర్వాత, టేపులో లేని భాగంలో. అవ్వ అది ఎన్నడూ చూడలేదు.

పాప పుట్టింది. గట్టిగా ఏడ్చింది. పైపెదవి ముక్కు దాకా చీలి ఉంది.

డాక్టరుగారు కూర్చోబెట్టి మరీ చెప్పారు. ఇది రెండో నెలలోనే ఏర్పడుతుంది, గ్రహణానికీ దీనికీ సంబంధం లేదు, కొన్ని నెలలు పోయాక కుట్లు వేసి సరిచేస్తాం అని. అత్తయ్యగారు శ్రద్ధగా విన్నారు. ఇంటికి వచ్చాక వేళ్ళు మడిచి లెక్కవేశారు. "రెండో నెలలో చంద్రగ్రహణం వచ్చింది. అప్పటికింకా డాక్టరు మంచం దిగొద్దనలేదు. ఆ రోజు అమ్మాయి ఆరేసిన బట్టలు తీయడానికి మేడ మీదికి వెళ్ళింది. నేను చెప్పేలోపే వెళ్ళిపోయింది" అన్నారు మావారితో. నా ముందే అన్నారు. కోపంగా కాదు. తప్పిపోయిన వస్తువు దొరికినట్టు అన్నారు.

పాపను చూసుకోవడంలో ఆవిడకు సాటి లేదు. రొమ్ము పట్టలేదని ఉగ్గుగిన్నెతో చుక్క చుక్కా పోసేవారు. అంత ప్రేమా చేతుల్లో ఉండేది. కళ్ళు మాత్రం నా మీద ఉండేవి. నేను పాపను ఎత్తుకుంటే ఆ కళ్ళు మేడమెట్ల వైపు వెళ్ళేవి. నా గదే, నా పాపే. అయినా ఊపిరాడేది కాదు. గొంగడి కింద కూడా అంత ఉక్కపోయలేదు.

బారసాలకు పారాయణ ఆడవాళ్ళు వచ్చారు. ఉయ్యాలలో తొంగిచూసి ఒక్కొక్కరే నోరు నొక్కుకున్నారు. అందరిలో పెద్దావిడ అడగనే అడిగింది. "అయ్యో తల్లీ, ఏం జరిగింది? ఎక్కడ తప్పు జరిగింది?"

అత్తయ్యగారు నిట్టూర్చి నావైపు చూశారు. "ఏం చెప్పమంటారు? రెండో నెలలో..."

"నేనే" అంది అవ్వ గడప మీంచి.

అందరూ అటు తిరిగారు.

"నేనే తీస్కపోయిన గ్రహణంల. కారు దిగినప్పుడు గొంగడి జారింది నా చేతులకెల్లి. పిల్లకు ఎండ వడ్డది. తప్పు నాదే. షురువుల్నే చెప్తున్న, ఇగ ఎవల్ని అడుగకున్రి. పిల్లను జూడున్రి. కండ్లు జూడున్రి ఎంత మంచిగున్నయో."

"లేదు!" అన్నాను నేను. "జారలేదు. ఆపరేషన్ గదిలో నర్సు తీసేదాకా అలాగే ఉంది. అత్తయ్యగారూ, నేను లోపలే ఉన్నాను కదా, నాకు తెలుసు కదా!"

పెద్దావిడ నా తల నిమిరింది. "నీది మంచి మనసమ్మా. ముసల్దాన్ని కాపాడుతున్నావు. నొప్పుల్లో ఉన్నదానివి, నీకేం తెలుస్తుంది?" తక్కినవాళ్ళు తలలూపారు. ఎంత దయగా ఊపారో. దేవుడి మాట నా నోటి నుంచి వస్తే ప్రతి అక్షరం నమ్మినవాళ్ళు, ఈ ఒక్కటి నమ్మలేదు. ఒప్పుకున్న మనిషి ఎదురుగా ఉంటే సాక్షి ఎవరికి కావాలి?

అత్తయ్యగారి మొహం చూశాను. ఇన్ని రోజులుగా మోస్తున్నదేదో దించుకున్న మొహం. ఆవిడ అవ్వతో "ఇక మా గడప తొక్కకు" అన్నారు.

"గట్లనే" అంది అవ్వ. గొంగడి తీసి భుజాన వేసుకుని వెళ్ళిపోయింది.

మర్నాడు గోడ దగ్గరికి వెళ్ళాను. నేనేమీ అనకముందే ఆమె తిట్లు మొదలుపెట్టింది. "నడుమ నువ్వెందుకొచ్చినవే? చంపినోల్లు దొరికినంక పోలీసోల్లతోని ఎవలన్న లొల్లి వెట్టుకుంటరా?"

"అబద్ధం కదా అవ్వా. నీ మీద పాపం ఎలా వేయను?"

"గా ఇంట్ల ఎవలుండాలె? నువ్వా, నేనా?"

ఎప్పటిలాగే జవాబు కూడా తనే చెప్పింది.

"నువ్వుండాలె. నీ పిల్ల ఉండాలె. నేను గోడ ఇవతల మంచిగ పండుకుంట. పో, పాలకు లేసినట్టున్నది పిల్ల."

ఆ తర్వాత అత్తయ్యగారికి చాలాసార్లు చెప్పాను. "ఆమే ఒప్పుకుంది కదమ్మా" అనేవారు, అంతకుమించి మాట ఉండేది కాదు. ఆవిడ కళ్ళు నా మీంచి, మేడమెట్ల మీంచి తప్పుకున్నాయి. నేను ఆ ఇంట్లో మళ్ళీ కోడలినయ్యాను. అవ్వ పెట్టిన భిక్ష అది. శనివారం సంకల్పంలో అందరి పేర్లూ గోత్రాలూ చెప్పాక ఆమె క్షేమం కూడా కోరేదాన్ని. గోత్రం ఆమెకే తెలియదు, పేరు నాకు తెలియదు. "గోడ అవతలి అవ్వ" అని మనసులో అనుకునేదాన్ని. స్వామికి ఆ చిరునామా చాలనే నా నమ్మకం.

పాపకు కుట్లు వేశారు. సన్నటి గీత మిగిలింది. నడక వచ్చాక అది రోజూ వెనక గోడ దగ్గరికే పరుగెత్తేది. నేను గోడ మీద కూర్చోబెట్టి పట్టుకునేదాన్ని. అవ్వ అటు నుంచి చెప్పేది. "కుందేలు ఉరికిపోతది, నక్క మోసపోతది. ఇగ విను." వంటింటి కిటికీలో అత్తయ్యగారు కనిపించేవారు. చూసీ చూడనట్టు పక్కకు తప్పుకునేవారు. ఒక పండగ రోజు పులిహోర గిన్నె నా చేతికిచ్చి "ఆ గోడ మీద పెట్టిరా" అన్నారు. ఎవరికని ఆవిడా చెప్పలేదు, నేనూ అడగలేదు. ఖాళీ గిన్నె గోడ మీదికి వచ్చినప్పుడు దాంట్లో సీతాఫలాలు ఉన్నాయి. అత్తయ్యగారు వాటిని కడిగి పాపకు పెట్టారు. అయినా రమ్మని మాత్రం అనలేదు. అనేస్తే, ఇన్నాళ్ళూ ఎందుకు వద్దన్నారో తనకు తాను చెప్పుకోవాలి కదా.

మొన్నటి చలికాలంలో ఒక ఉదయం గోడ అవతల డప్పు మోగింది. చెల్లెలి కొడుకు వచ్చి "పెద్దమ్మ పోయింది" అని చెప్పాడు. నిద్రలోనే పోయిందట. నేను వెళ్ళాను. అత్తయ్యగారు దేవుడి గదిలో ఉన్నారు, తల తిప్పలేదు. అవ్వను వాకిట్లో పడుకోబెట్టారు. గొంగడి కప్పారు. పాదాలకు మొక్కి, సాగనంపేదాకా ఉండి తిరిగి వచ్చాను.

చావింటికి వెళ్ళివచ్చినవాళ్ళు స్నానం చేసి కానీ లోపలికి రాకూడదు. అందుకని పెరటి వైపు కుళాయి దగ్గరికి నడిచాను. అక్కడ అత్తయ్యగారు ఉన్నారు. కట్టుకున్న చీరతోనే నెత్తి మీద నీళ్ళు పోసుకుంటున్నారు. జుట్టు విడిపోయి మొహానికి అంటుకుంది. చలికి ఒళ్ళు వణుకుతోంది.

"అదేమిటి అత్తయ్యగారూ, మీరెందుకు? మీరు అక్కడికి రాలేదు కదా. ఆవిడ మనకు చుట్టమూ కాదు, మైల ఉండదు."

ఆవిడ కళ్ళ మీది నీళ్ళు తుడుచుకోలేదు.

"నీకు ఈ స్నానంతో సరిపోతుంది. నాకు పది రోజులు ఉంది" అన్నారు. "ఈ పది రోజులూ దేవుడి దగ్గర దీపం నువ్వు పెట్టు."

మళ్ళీ చెంబు ముంచుకున్నారు.